గుడ్డులో చేప కూరి: షుగర్ ఉన్నవాళ్లూ ఇఫ్తార్‌లో అందరితో కలిసి తినే వంట

ఇఫ్తార్ దస్తర్‌ఖాన్ మీద ఖర్జూరం తర్వాత ఏముంటాయి? సమోసా, మిర్చి బజ్జీ, పకోడీ, షర్బత్. ఇంట్లో షుగర్ ఉన్న దాదానో నానీయో ఉంటే వాళ్లు నిశ్చింతగా చెయ్యి పెట్టగలిగేది వీటిలో దాదాపు ఏదీ లేదు. ఓ మాదిరి ఆలూ సమోసా ఒక్కటి తింటేనే 20 గ్రాముల పైన పిండిపదార్థం ఒంట్లోకి వెళ్తుంది. అందుకని వాళ్ల కోసం విడిగా ఓ గిన్నెలో ఏదో చప్పటిది పెడతారు. వాళ్లు దాన్ని రెండు రోజులు తిని, మూడో రోజు సమోసా అందుకుంటారు.

ఇది ఏదో ఒకటి రెండు ఇళ్ల గొడవ కాదు. 2023లో వెలువడిన ఐసీఎంఆర్-ఇండియాబ్ అధ్యయనం లెక్కన దేశంలో షుగర్ ఉన్నవాళ్లు 10.1 కోట్ల మంది. మన రోజువారీ తిండిలో వచ్చే శక్తిలో 62 శాతం అన్నం, గోధుమ, చక్కెర వంటి పిండిపదార్థాల నుంచే వస్తోందని అదే అధ్యయన బృందం 2025లో చెప్పింది. వీరమాచనేని రామకృష్ణ డైట్ పుణ్యమా అని 2018 ప్రాంతంలోనే కోస్తా జిల్లాల్లో 'లో కార్బ్' అనే మాట పల్లెలకూ చేరింది. ఆ డైట్ మీద డాక్టర్లు గట్టిగానే అభ్యంతరాలు చెప్పారు, ఆ వాదన వేరే సంగతి. అన్నం తగ్గించాలని మాత్రం అందరికీ తెలిసింది. తగ్గించిన చోట ఏం పెట్టాలన్నదే తేలలేదు. ఉడికించిన గుడ్డు ఎంత మంచిదైనా రోజూ ఉప్పూ మిరియాలతో తినాలంటే విసుగే.

దానికి ఓ చక్కటి దారి ఉంది. గుడ్డును ఉడకబెట్టి, రెండు చెక్కలుగా కోసి, పచ్చసొన తీసి, అందులో చేప లేదా రొయ్య కలిపి మళ్లీ ఆ గుంటలోనే నింపడం. ఇంగ్లీషులో దీన్ని 'డెవిల్డ్ ఎగ్స్' అంటారు. పేరు వినగానే మన ఇళ్లలో ముఖం చిట్లిస్తారు, షైతాన్ పేరుతో తిండేమిటని. ఆ పేరులో అంత లేదు. 18వ శతాబ్దపు ఇంగ్లండులో కారం, మిరియాలు, ఆవాలు దట్టించిన వంటకు 'డెవిల్' అనే మాట తగిలించేవారు, ఘాటుగా ఉంటుందని. అమెరికాలో చర్చి విందుల్లో ఆ పేరు ఇష్టం లేనివాళ్లు 'స్టఫ్డ్ ఎగ్స్' అని పిలుచుకుంటారు.

అసలు ఈ వంట అంతకంటే చాలా పాతది. 13వ శతాబ్దపు అందలూస్‌లో, అంటే ముస్లింల స్పెయిన్‌లో, రాసినవారి పేరు తెలియని ఒక వంటల పుస్తకంలో ఇది కనిపిస్తుంది. ఉడికిన పచ్చసొనను కొత్తిమీర, ఉల్లిరసం, మిరియాలు, ధనియాలతో నూరి, ముర్రీ అనే పులియబెట్టిన ఉప్పటి రసం, నూనె కలిపి, తెల్లసొనలో నింపి, రెండు చెక్కలూ మూసి పుల్ల గుచ్చేవారట. కొత్తిమీర, ధనియాలు, మిరియాలు... ఇది మన వంటింటి మాటే కదా! మన నర్గిసీ కోఫ్తాను తిరగేస్తే ఇదే. కోఫ్తాలో గుడ్డు లోపల, మాంసం బయట. ఇందులో గుడ్డు బయట, చేప లోపల.

ఇక చేప ఏది? నాదెండ్ల మండలంలో మిర్చి, పత్తి పండుతాయి గానీ సముద్రం లేదు. పల్నాడు జిల్లాకే తీరం లేదు. సముద్రపు చేపలు, రొయ్యలు నిజాంపట్నం, సూర్యలంక వైపు నుంచి ఐసులో రావాల్సిందే. చిలకలూరిపేట, నరసరావుపేట మార్కెట్లలో కొనేటప్పుడు రొయ్య తల నల్లబడిందా, పెంకు వదులైందా, ముక్కుకు ఘాటైన వాసన కొడుతోందా అని చూడాలి. మూడింట్లో ఏ ఒక్కటి ఉన్నా వద్దు. లెక్క కూడా చూసుకోవాలి. తలతో ఉన్న రొయ్యలు కిలో కొంటే వలిచాక చేతికొచ్చేది అరకిలోకు కాస్త అటూ ఇటూ. అంటే తినే కండ ధర, రాసిపెట్టిన ధరకు దాదాపు రెట్టింపు. పైగా ఇందులోకి కావాల్సింది 150 గ్రాములే కాబట్టి కిలో కొనే పనే లేదు.

ధర కంటే ముందు తేల్చుకోవాల్సింది ఇంకోటి ఉంది. ఇంటర్నెట్‌లో దొరికే సీఫుడ్ గుడ్ల రెసిపీలు చాలావరకు పీతతో చేసినవి. మన ప్రాంతపు ముస్లింలలో ఎక్కువమంది హనఫీలు. హనఫీ మస్లక్‌లో నీటి జీవాల్లో చేప ఒక్కటే హలాల్. పీత, స్క్విడ్ కుదరవు. షాఫయీ, మాలికీ, హంబలీ మస్లక్‌లలో ఈ విషయంలో వెసులుబాటు ఎక్కువ. రొయ్య దగ్గర హనఫీ ఉలమాలోనే ఇఖ్తిలాఫ్ ఉంది. రొయ్య చేప జాతిలోకి వస్తుందా రాదా అన్నది ప్రశ్న. మౌలానా అష్రఫ్ అలీ థాన్వీ దాన్ని చేపగానే లెక్కగట్టి హలాల్ అన్నారు. హైదరాబాద్ జామియా నిజామియా మాత్రం 2018 జనవరిలో, రొయ్య చేప కాదు, తినడం మక్రూహె తహ్రీమీ అని ఫత్వా ఇచ్చింది. అప్పట్లో దీని మీద పెద్ద చర్చే నడిచింది. ఎవరి ఇంట్లో ఏ ఆలిమ్ మాట పాటిస్తారో అదే పాటించుకోవచ్చు. పదిమందిని పిలిచే దావత్‌కైతే చేపతో చేయడమే తెలివైన పని, ఎవరూ ప్లేటు పక్కన పెట్టరు.

చేపల్లో వంజరం బాగా కుదురుతుంది, ముళ్లు తక్కువ. చెరువు చేపల్లో కొర్రమీను మంచిది. రవ్వ, బొచ్చె చవకే గానీ సన్న ముళ్లు ఎక్కువ. పచ్చసొనలో కలిపేశాక ముల్లు కనిపించదు, పిల్లలకూ పెద్దవాళ్లకూ గొంతులో గుచ్చుకుంటే కష్టం.

చేసే తీరు ఇదీ. 6 గుడ్లకు 12 చెక్కలు వస్తాయి. ఆ రోజు పెట్టిన తాజా గుడ్డు పెంకు సరిగా ఊడదు, వారం నాటివైతే సుళువు. నీళ్లు మరిగాక గుడ్లు మెల్లగా దించి 11, 12 నిమిషాలు ఉడికించి, వెంటనే చల్లటి నీళ్లలో వేయాలి. ఎక్కువసేపు ఉడికితే పచ్చసొన చుట్టూ ఆకుపచ్చ వలయం వస్తుంది. అందులోని ఇనుము, తెల్లసొనలోని గంధకం కలవడం వల్ల వచ్చే రంగు అది. హాని లేదు గానీ చూడ్డానికి బాగుండదు.

150 గ్రాముల చేప ముక్కలకు పసుపు, ఉప్పు, నిమ్మరసం పట్టించి ఇడ్లీ పాత్రలో 8 నిమిషాలు ఆవిరి పట్టాలి. చల్లారాక తోలు, ముల్లు తీసి చేత్తో పొడిపొడిగా చిదపాలి. రొయ్యలైతే వీపు మీది నల్ల నరం తీసి, చెంచా నూనెలో 3 నిమిషాలు వేయించి సన్నగా తరిగితే చాలు. అంతకు మించితే రబ్బరులా సాగుతాయి. పచ్చసొనలను మెత్తగా మెదిపి, 3 చెంచాల గట్టి పెరుగు, అర చెంచా ఆవపొడి, అర చెంచా కారం, మిరియాల పొడి, సన్నగా తరిగిన ఉల్లికాడలు, కొత్తిమీర, ఓ పచ్చిమిర్చి, నిమ్మరసం కలపాలి. చివర్లో చేప కలిపి, ఉప్పు చూసి, గుంటల్లో గోపురంలా నింపడమే. గుంటూరు కారం వేసేటప్పుడు చెయ్యి కాస్త వెనక్కి లాగాలి. రోజంతా ఖాళీగా ఉన్న కడుపు అది.

ఎండు రొయ్యలు ఇష్టపడే ఇళ్లలో ఇంకో పద్ధతి పనికొస్తుంది. వాటిని కడిగి ఆరబెట్టి, నూనె లేకుండా వేయించి పొడి చేసి రెండు చెంచాలు కలిపితే రుచి వేరుగా ఉంటుంది, ఖర్చూ తక్కువ. అప్పుడు వేరే ఉప్పు వేయకూడదు. బీపీ ఉన్నవాళ్లకు ఈ పద్ధతి వద్దు.

పెరుగు ఎందుకంటే, అసలు రెసిపీలో ఉండేది మయోనైజ్. పచ్చి గుడ్డుతో చేసే మయోనైజ్ సాల్మొనెల్లా బ్యాక్టీరియాకు మంచి నివాసం. తెలంగాణ ప్రభుత్వం 2024 అక్టోబర్ చివర్లో పచ్చి గుడ్ల మయోనైజ్‌ను ఏడాదిపాటు నిషేధించింది కూడా. గుడ్డు లేని మయోనైజ్ సీసాల మీద చిన్న అక్షరాలు చదివితే చాలావాటిలో చక్కెర, స్టార్చ్ కనిపిస్తాయి. షుగర్ మనిషి కోసం చేసే వంటలోకి మళ్లీ చక్కెర ఎందుకు? పెరుగును పల్చటి గుడ్డలో మూటగట్టి రెండు గంటలు వేలాడదీస్తే మయోనైజ్ అంత గట్టిపడుతుంది.

ఇక్కడ ఇంట్లో పెద్దవాళ్లు తప్పకుండా ఓ మాట అంటారు: మచ్లీ మీద పాలూ పెరుగూ తింటే బర్స్, అంటే తెల్లమచ్చలు వస్తాయని. దీనికి వైద్యంలో ఆధారం లేదు. బొల్లి అనేది ఒంట్లోని రోగనిరోధక శక్తి చర్మానికి రంగునిచ్చే కణాల మీదే దాడి చేయడం వల్ల వచ్చేది. బెంగాల్‌లో చేపను పెరుగులోనే వండుకుంటారు. అయినా నానీని నొప్పించడం ఎందుకనుకుంటే, పెరుగు బదులు రెండు చెంచాల నూనె, కాస్త నిమ్మరసం వేసి మెదిపితే సరిపోతుంది.

మొత్తం 6 గుడ్లకూ కలిపి పిండిపదార్థం 8 గ్రాములు దాటదు. అంటే ఒక్కో చెక్కకు గ్రాము లోపే. నాలుగు చెక్కలు తింటే గుడ్ల నుంచే 12 గ్రాముల ప్రొటీన్, చేపది అదనం. అయితే ఒక్కో గుడ్డులో సుమారు 185 మిల్లీగ్రాముల కొలెస్ట్రాల్ ఉంటుంది, రొయ్యల్లోనూ బాగానే ఉంటుంది. గుండె జబ్బు ఉన్నవాళ్లు, కిడ్నీ జబ్బుతో ప్రొటీన్ తగ్గించమని చెప్పించుకున్నవాళ్లు డాక్టర్‌ను అడిగాకే తినాలి.

ఎండాకాలం సంగతి మర్చిపోకూడదు. రెంటచింతల ఎండలున్న జిల్లా ఇది. గుడ్డూ చేపా కలిసిన వంట బయట రెండు గంటలకు మించి ఉండకూడదు, 32 డిగ్రీలు దాటితే గంటే. అస్ర్ వేళకు తెల్లసొన చెక్కలు, లోపలి ముద్ద విడివిడిగా ఫ్రిజ్‌లో పెట్టుకుని, మగ్రిబ్ అజాన్‌కు పది నిమిషాల ముందు నింపుకుంటే మంచిది. మిగిలినవి మర్నాటి సహరీకి పనికొస్తాయి, అదీ వెంటనే ఫ్రిజ్‌లో పెడితేనే.

ఆ సహరీ దగ్గరే అసలు జాగ్రత్త కావాలి. గ్లిమిపిరైడ్, గ్లిక్లజైడ్ రకం బిళ్లలో ఇన్సులినో వాడేవాళ్లు అన్నం, రొట్టె పూర్తిగా మానేసి సహరీలో గుడ్లు మాత్రమే తిని, మందు మాత్రం పాత డోసే వేసుకుంటే మధ్యాహ్నానికి షుగర్ పడిపోతుంది. చెమటలు, వణుకు, కళ్లు తిరగడం... కొందరు స్పృహ తప్పుతారు. డాపాగ్లిఫ్లోజిన్, ఎంపాగ్లిఫ్లోజిన్ వాడేవాళ్లు పిండిపదార్థాలు బాగా తగ్గిస్తే ఇంకో ప్రమాదం: షుగర్ మామూలుగా కనిపిస్తున్నా రక్తంలో కీటోన్లు పెరిగి ఆస్పత్రి పాలవ్వచ్చు. మెట్‌ఫార్మిన్ ఒక్కటే వాడేవాళ్లకు షుగర్ పడిపోయే భయం తక్కువ. అందుకే ఈ గుడ్లతో పాటు సహరీలో ఓ జొన్నరొట్టె ఉంచుకోవడం నయం. రంజాన్‌కు ఆరు నుంచి ఎనిమిది వారాల ముందే డాక్టర్‌ను కలిసి మందుల వేళలు, డోసులు మార్పించుకోవాలి. వేలికి సూది గుచ్చి షుగర్ చూసుకుంటే రోజా పోదని ఉలమా చెబుతున్నారు. రీడింగ్ 70 కంటే తగ్గినా, 300 దాటినా అప్పటికప్పుడు రోజా విరమించాలని అంతర్జాతీయ డయాబెటిస్ ఫెడరేషన్ రంజాన్ మార్గదర్శకాలు చెబుతున్నాయి. ఇఫ్తార్‌కు ఇంకో గంటే ఉన్నా సరే.