రువానే చట్టం మీద రువ్విన రాళ్లు

వాల్టర్ సాలెస్ తీసిన ‘ఐయామ్ స్టిల్ హియర్’ 2025 మార్చిలో బ్రెజిల్ సినిమాకు తొలి ఆస్కార్ తెచ్చిపెట్టింది. ఆ ముచ్చటకు ముందే, సినిమా విడుదలైన 2024 చివరి నెలల్లోనే, దాన్ని ఎవరూ చూడొద్దన్న పిలుపులూ ‘ఇదంతా రువానే సొమ్ముతో (కళల స్పాన్సర్లకు పన్ను రాయితీ ఇచ్చే చట్టం పేరది) తీసిందే’ అన్న పోస్టులూ సామాజిక మాధ్యమాల్లో చక్కర్లు కొట్టాయి. సైనిక పాలనలో, 1971లో, ఇంట్లోంచి పట్టుకుపోయిన మాజీ పార్లమెంటు సభ్యుడు రూబెన్స్ పైవా కుటుంబం కథ అది. కథ నచ్చనివాళ్లు కథ గురించే వాదించవచ్చు. అందుకు చరిత్ర చదవాలి. డబ్బు మీద అనుమానం చల్లడానికి ఏమీ చదవక్కర్లేదు. ఆ సినిమాకు రువానే చట్టం కింద ఒక్క రియాల్ కూడా రాలేదు. రావడానికి వీలూ లేదు. సినిమాల్లో ఆ చట్టం వర్తించేది లఘు, మధ్యస్థ నిడివి చిత్రాలకే. పూర్తి నిడివి కథాచిత్రాల కోసం 1993లో వేరే చట్టమే తెచ్చారు. ఈ ఒక్క ముక్కతో చల్లారిపోవాల్సిన పుకారు ఏళ్ల తరబడి ఒక దేశపు సాంస్కృతిక విధానాన్నే శాసించింది.

పుకారు సారాంశం ఇది: పేరున్న నటులు, గాయకులు ప్రభుత్వానికి దరఖాస్తు పెట్టుకుంటారు, ఖజానా నుంచి కోట్లు వచ్చి పడతాయి, బదులుగా వాళ్లు వామపక్షానికి భజన చేస్తారు. జరిగేది వేరు. తత్వవేత్త, దౌత్యవేత్త సెర్జియో పావులో రువానే సాంస్కృతిక కార్యదర్శిగా ఉండగా 1991లో వచ్చిన ఈ చట్టం ప్రకారం, కళాకారుడో సంస్థో తన ప్రాజెక్టును బడ్జెట్‌తో సహా సమర్పించాలి. ప్రభుత్వం దాన్ని పరిశీలించి ఇచ్చేది డబ్బు కాదు, స్పాన్సర్లను వెతుక్కోవడానికి అనుమతి. ఆ కాగితం పట్టుకుని బ్యాంకులు, కంపెనీల గుమ్మాలు ఎక్కి దిగాలి. ఒప్పుకున్న కంపెనీ తాను కట్టాల్సిన ఆదాయపు పన్నులో 4 శాతం దాకా, వ్యక్తి అయితే 6 శాతం దాకా అటు మళ్లించవచ్చు. ఎవరూ ముందుకు రాకపోతే అనుమతి పత్రం ఫైల్లోనే ఉండిపోతుంది. చాలా ప్రాజెక్టుల గతి అదే. పత్రికలు మాత్రం అనుమతి మొత్తాన్నే శీర్షికకు ఎక్కిస్తాయి. గాయని మరియా బెతానియా కవితా పఠనాల బ్లాగుకు 2011లో 13 లక్షల రియాళ్లు సేకరించుకునే అనుమతి రాగానే, ఆ డబ్బు ఆవిడ చేతికి అందేసినట్టే ఊరంతా గోల చేసింది. చివరికి ఆ ప్రాజెక్టునే వదిలేసుకున్నారు.

‘పన్నులోంచి మినహాయిస్తే అది ప్రజాధనమే కదా’ అనేవాళ్లున్నారు. నిజమే, అది ఖజానాకు చేరాల్సిన సొమ్మే. కానీ లెక్క అడిగేటప్పుడు అందరినీ అడగాలి. బ్రెజిల్ కేంద్ర ప్రభుత్వం వదులుకునే పన్నుల మొత్తంలో రువానే వాటా 1 శాతం కూడా లేదు; మనౌస్ పారిశ్రామిక మండలం పొందే రాయితీల ముందు ఇదెంత? పైగా జెటూలియో వర్గాస్ ఫౌండేషన్ 2018లో లెక్కగట్టి, ఇలా వదులుకున్న ప్రతి రియాల్‌కు ఆర్థిక వ్యవస్థలోకి 1.59 రియాళ్లు తిరిగొస్తున్నాయని తేల్చింది. ఈ సొమ్ముతో నడిచేవాటిలో సావో పాలోలోని మాస్ప్ మ్యూజియం, ఆ రాష్ట్ర సింఫనీ ఆర్కెస్ట్రా ఉన్నాయి. వీటిలో ఏది ఏ పార్టీ భజన చేస్తోందో ఆరోపించేవాళ్లే చెప్పాలి. పుకారు కొట్టిన దెబ్బలన్నీ ఇలాంటి చోట్లే తగిలాయి. 2019లో మితవాద నేత బొల్సొనారో అధ్యక్షుడిగా గద్దెనెక్కగానే సాంస్కృతిక మంత్రిత్వ శాఖే రద్దయింది. దాన్ని 2023లో లూలా మళ్లీ తెరిచారు. బొల్సొనారో హయాంలోనే ఒక్కో ప్రాజెక్టు గరిష్ఠ పరిమితి 6 కోట్ల రియాళ్ల నుంచి, కొన్ని మినహాయింపులతో, 10 లక్షలకు పడిపోయింది. 2022 ఫిబ్రవరిలో ఒంటరిగా ప్రదర్శన ఇచ్చే కళాకారుడి గరిష్ఠ పారితోషికాన్ని 45 వేల నుంచి 3 వేల రియాళ్లకు కుదించారు.

ఆ 3 వేలు గుర్తుంచుకుని, మూడు నెలల తర్వాత మాటో గ్రోసో రాష్ట్రంలో సోయా పండించే సొరీసో పట్టణానికి రండి. సెర్తనేజో జానపద బాణీతో స్టేడియాలు నింపే జె నెటో వేదికెక్కి, తాము రువానే చట్టం మీద ఆధారపడిన బాపతు కాదని, తమకు డబ్బిచ్చేది జనమేనని గొప్పగా చెప్పుకున్నాడు. పనిలో పనిగా గాయని అనిట్టా పచ్చబొట్టు మీదా ఒక విసురు విసిరాడు. జనమే ఇచ్చారు, అబద్ధం లేదు. ఆ రాత్రి కచేరీకి మున్సిపాలిటీ చెల్లించింది 4 లక్షల రియాళ్లు. గురివింద సామెత పోర్చుగీసులో ఉందో లేదో గానీ, విలేఖరులు వెంటనే ఊరూరి మున్సిపాలిటీల ఒప్పందాలు తవ్వడం మొదలుపెట్టారు. రొరైమా రాష్ట్రంలో ఎనిమిది వేల జనాభా ఉన్న సావో లూయిజ్ అనే ఊరు మరో సెర్తనేజో గాయకుడు గుస్తావో లీమా కచేరీకి 8 లక్షల రియాళ్లకు ఒప్పుకుంది. అంటే చంటిపిల్లలతో సహా తలకు వంద. ఇలాంటి ఒప్పందాలకు టెండరు అక్కర్లేదు, చట్టం ఒప్పుకుంటుంది, దాన్ని నేరమనలేం. కానీ ప్రతి పద్దూ కేంద్రానికి అప్పజెప్పాల్సిన నాటక బృందం ‘దోపిడీ’, ఖజానా నుంచి నేరుగా తీసుకునే కచేరీ ‘జనం ఆదరణ’ ఎలా అవుతాయి?

ఒక్క విమర్శను మాత్రం కొట్టిపారేయలేం, ఒప్పుకోవాలనీ లేదు, కానీ తప్పదు. డబ్బు ఎవరికివ్వాలో తేల్చేది కంపెనీల మార్కెటింగ్ విభాగాలు కాబట్టి, సింహభాగం రియో, సావో పాలోలకే పోతుంది; అమెజాన్ ఊళ్లలోని బృందానికి అనుమతి ఉన్నా స్పాన్సరు దొరకడు. 2006లో టిక్కెట్ ధర సామాన్యుడికి అందని సిర్క్ దు సొలే సర్కస్‌కు ఈ చట్టం అండ దొరికింది. 2016లో ‘బోకా లివ్రి’ పేరుతో దాడులు చేసిన ఫెడరల్ పోలీసులు, ఒక పెళ్లి విందు కూడా ఈ సొమ్ముతోనే జరిగిందని ఆరోపించారు. చట్టానికి మరమ్మతు కావాలి. ఆ మరమ్మతు అడగాల్సిన గొంతులన్నీ లేని దోపిడీ గురించి అరవడంలోనే అలిసిపోతున్నాయి.

   

ఫలానా నటికి రువానే కింద ఇన్ని లక్షలు దక్కాయన్న పోస్టు ఎదురైతే, ముందు అది ఏ ఏడాది, ఏ ప్రాజెక్టు అని అడగండి. రెండూ లేకపోతే అక్కడితో వదిలేయండి. ఉంటే, ఆ దేశపు సాంస్కృతిక శాఖ నడిపే సాలిక్ వెబ్‌సైట్‌లో ప్రాజెక్టు పేరు కొట్టి చూడండి. అనుమతించిన మొత్తం, నిజంగా సేకరించిన మొత్తం, డబ్బిచ్చిన కంపెనీ పేరు అందులో విడివిడిగా ఉంటాయి. పోస్టులోని అంకె మొదటిదో రెండోదో సరిపోల్చుకోండి. పూర్తి నిడివి సినిమా గురించైతే వెతికే శ్రమ కూడా అనవసరం.