వెన్నకీ తాళమే!

లండన్‌లో ఓ సూపర్ మార్కెట్. వెన్న ప్యాకెట్టుకి ప్లాస్టిక్ పెట్టె, దానికో అలారం ట్యాగు. పక్కనున్న చీజుకీ అదే కాపలా. కొన్ని షాపుల్లో అయితే కాఫీ అరలో ఖాళీ సీసాలే ఉంటాయి. అసలు సీసా డబ్బు కట్టాకే లోపల్నుంచి వస్తుంది. పసిపిల్లల పాలపొడి డబ్బా కావాలంటే కౌంటర్లో అడగాల్సిందే. నగల దుకాణంలో కనిపించాల్సిన కట్టుదిట్టం కిరాణా కొట్టుకెందుకు?

దొంగల భయం!

2025 మార్చితో ముగిసిన ఏడాదిలో ఇంగ్లండ్, వేల్స్‌లలో పోలీసు రికార్డులకెక్కిన షాపు దొంగతనాలు 5,30,643. ప్రస్తుత పద్ధతిలో లెక్కలు మొదలైన 2003 నుంచీ అప్పటిదాకా అన్ని కేసులు ఏనాడూ లేవు. 2024లో ఒక్క లండన్‌లోనే ఈ కేసులు అంతకుముందు ఏడాదికంటే సగానికి పైగా పెరిగాయి. ఇవీ ఫిర్యాదు దాకా వెళ్లినవే. బ్రిటిష్ రిటైల్ కన్సార్టియం అంచనా ప్రకారం 2023-24లో బ్రిటన్ షాపుల్లో జరిగిన చోరీలు రెండు కోట్లు. నష్టం 220 కోట్ల పౌండ్లు.

పాలపొడి ఎత్తుకెళ్లేది ఎవరు? ధరలు మండిపోయి, చేతిలో చిల్లిగవ్వ లేక ఎత్తుకెళ్లే తల్లులు ఉండొచ్చు. అక్కడ పుట్టిన పిల్లల పాలపొడి మీద డిస్కౌంటు ఇవ్వడాన్ని చట్టమే ఒప్పుకోదు మరి. కానీ బుట్టల కొద్దీ మాంసం, మద్యం, కాఫీ ఊడ్చుకెళ్లేవాళ్లది ఆకలి కాదు, వ్యాపారం. ‘ఇవి కావాలి’ అని ముందే ఆర్డర్ తీసుకుని మరీ వస్తారు. మత్తుమందుకి డబ్బు కోసం రోజూ అదే షాపుకొచ్చే బాపతు ఇంకొందరు. ముగ్గురినీ ఒకే గాటన కట్టేస్తే అసలు రోగం దొరకదు.

దీనికితోడు 200 పౌండ్ల గొడవొకటి. అంటే మన లెక్కలో ఇరవై వేల రూపాయల పైమాటే. అంతకన్నా తక్కువ విలువ చోరీలను చిన్న కేసులుగా చూడాలని 2014లో చట్టం మార్చారు. శిక్ష లేదని కాదు. కానీ ‘ఆ లోపైతే ఎవరూ పట్టించుకోరు’ అన్న ధీమా దొంగలకొచ్చేసిందని షాపులవాళ్ల గోల. ఆ తేడా తీసేయడానికీ, షాపు సిబ్బందిపై దాడిని ప్రత్యేక నేరంగా చేయడానికీ ప్రభుత్వం 2025 ఫిబ్రవరిలో పార్లమెంటులో బిల్లు పెట్టింది.

ఆ సిబ్బందిలో మన పిల్లలూ ఉన్నారు. ఎమ్మెస్ చదవడానికి వెళ్లి, వారానికి ఇరవై గంటలు షాపుల్లో పార్ట్‌టైమ్ చేసే కుర్రాళ్లు. కళ్లముందే సంచి నింపుకుని పోతున్నా చాలా కంపెనీల్లో వెంటపడొద్దనే చెబుతారు. అడ్డుపడితే తిట్లు, ఉమ్మడాలు, ఒక్కోసారి కత్తులు! 2023-24లో షాపు ఉద్యోగులపై దౌర్జన్యాలు రోజుకి రెండువేలకు పైనే. బట్టలకి కెమెరాలు తగిలించుకుని డ్యూటీ చేసే రోజులొచ్చాయంటే చూడండి. ఇవన్నీ ఇంటికి ఫోన్ చేసినప్పుడు అమ్మకి చెబుతారా ఏంటి?

అసలు ఆ ఫోనే ఉండాలిగా! లండన్ వీధుల్లో మాట్లాడుతుండగానే వెనకనుంచి ఎలక్ట్రిక్ సైకిల్ మీద వచ్చి లాక్కుపోతారు. 2024 క్రిస్మస్ ముందురోజు ఒకావిడ తన ఐఫోన్ ఎక్కడుందో ట్రాక్ చేస్తే, హీత్రూ విమానాశ్రయం దగ్గర ఓ గోదాములో తేలింది. పెట్టె తెరిస్తే సుమారు వెయ్యి ఫోన్లు, హాంకాంగ్ పంపడానికి సిద్ధంగా! ఆ తీగ లాగితే ఏడాదిలో నలభై వేల ఫోన్ల దాకా చైనాకి తరలించారని అనుమానిస్తున్న ముఠా బయటపడిందని 2025 అక్టోబరులో పోలీసులు ప్రకటించారు. వీధిలో లాక్కున్నవాడికి ఒక్కో ఫోనుకీ 300 పౌండ్ల దాకా ముట్టేదట. బ్రిటన్‌లో ఆ ఫోన్‌ని బ్లాక్ చేసినా చైనా నెట్‌వర్కుల్లో శుభ్రంగా పనిచేస్తుంది. అదీ కిటుకు.

మీ ఇంట్లో ఎవరైనా అక్కడికి బయల్దేరుతుంటే, ఫోనులో స్టార్, హ్యాష్, 06, హ్యాష్ నొక్కి చూడండి. పదిహేను అంకెల ఐఎంఇఐ నంబరు కనిపిస్తుంది. దాన్ని ఫోనులోనే దాచుకుంటే లాభం లేదు, ఇంట్లో క్యాలెండరు వెనక రాసిపెట్టండి. ఫోను పోయిందని ఫిర్యాదు చేయాలన్నా, ఇన్సూరెన్సు డబ్బు రావాలన్నా అడిగేది ఆ నంబరునే.