పుటం వేస్తే తూకం తగ్గుతుంది

తెలుగు పాఠాలు చెప్పేవాళ్ళకు ఒక జబ్బు ఉంటుంది. ఎదుటివాడు కష్టంలో ఉన్నా సరే, వాడికి ఒక నిండైన మాట చెప్పి, ఆ మాట బాగా కుదిరిందని తమలో తాము మురిసిపోతారు. ఆ జబ్బు నాకూ ఉంది. ఉందని నాకు తెలియజెప్పినవాడు మా కాలేజీలో బి.ఏ. రెండో ఏడు చదువుతున్న కుర్రవాడు.

వాళ్ళ ఇల్లు హైదరాబాదు పాతబస్తీలో, చార్‌కమాన్ వెనక సందుల్లో. ఔసలి కుటుంబం. కోస్తాలో కంసాలి అంటారే, ఆయన్నే మా తెలంగాణలో ఔసలి అంటాం. ఆ కుర్రవాడి తండ్రి హఠాత్తుగా కాలం చేశాడు. కర్మకాండలన్నీ అయ్యాక, చదువు మానేసి ఒక నగల దుకాణంలో పనికి కుదురుతున్నానని చెప్పడానికి వాడు మా గదికి వచ్చాడు. నేను లేచి వాడి భుజం మీద చెయ్యి వేశాను.

"దిగులు పడకు బాబూ! కష్టాలు మనిషిని పుటం పెడతాయి. నువ్వు మేలిమి బంగారమై బయటికి వస్తావు," అన్నాను.

వాడు తల వంచుకునే, "పుటం పెడితే బంగారం తూకం తగ్గుతది సార్," అన్నాడు. నమస్కారం చేసి వెళ్ళిపోయాడు.

పద్దెనిమిదేళ్ళుగా క్లాసులో 'పుటం పెట్టిన బంగారం' అని ఎన్నిసార్లు అని ఉంటానో లెక్కలేదు. పుటంలో ఏం పెడతారో, ఏం జరుగుతుందో మాత్రం ఎన్నడూ చూసిన పాపాన పోలేదు. ఆ రాత్రి నిఘంటువు ముందు వేసుకుని కూర్చున్నాను.

దొన్నె నుంచి సంపుటి దాకా

పుటం సంస్కృతం నుంచి వచ్చిన మాట. మడత, దొప్ప, మూసుకునే చోటు అని దాని భావం. ఆకుతో కుట్టిన దొన్నె పుటమే. కర్ణపుటం, నాసాపుటం మనకు తెలిసినవే. కాగితాన్ని మడిస్తే ఏర్పడే పుట కూడా ఈ కుటుంబానిదే. మీరిప్పుడు చదువుతున్నది అటువంటి ఒక పుట. రెండు దొప్పలు ఎదురెదురుగా మూస్తే సంపుటం. కథలన్నీ ఒకచోట చేర్చి అట్ట వేస్తే కథాసంపుటి. బంతి 'పుటమెగసింది' అన్నప్పుడు మాత్రం అర్థం వేరు. అక్కడ అది గెంతడం. దాని జోలికి మనం పోవద్దు.

వైద్యులూ లోహం పనివాళ్ళూ ఈ మాట తీసుకుని 'పుటం వేయు', 'పుటం పెట్టు' అనే క్రియలు చేసుకున్నారు. మట్టిపాత్రలో వస్తువు పెట్టి, దానిమీద ఇంకొక పాత్ర బోర్లించి, సందుకు మట్టిలో తడిపిన గుడ్డ చుట్టి, ఆరాక పిడకల మధ్య పెట్టి కాల్చడం అని దాని అర్థం. ఈ క్రియకు ప్రాణం నిప్పు కాదు, మూత. మూత లేకుండా ఎంత కాల్చినా అది కాల్చడమే అవుతుంది గాని పుటం వేయడం కాదు.

భవభూతికి ఈ సంగతి తెలుసు. ఉత్తరరామచరితంలో రాముడి దుఃఖాన్ని ఆయన పుటపాకంతో పోల్చాడు. పైకి మంట కనబడదు, పొగ రాదు. లోపల మాత్రం ఉడికిపోతూ ఉంటుంది. ఇది చదవగానే నా ముందు తల వంచుకు నిలబడ్డ ఆ కుర్రవాడు గుర్తొచ్చాడు. నేను వాడికి పుటం గురించి చెప్పాను. వాడు నా ఎదుట పుటంలోనే ఉన్నాడు!

ఉప్పూ, ఇటుకపొడీ

శనివారం సాయంత్రం వాళ్ళింటికి వెళ్ళాను. చార్మినారు కట్టింది 1591లో. మరుసటి ఏడు లేచిన నాలుగు కమానుల నడుమ గుల్జార్ హౌజ్ ఉంది. దాని చుట్టూ ముత్యాల దుకాణాలూ, వెండి బంగారు దుకాణాలూ. ఆ వెలుగులన్నీ దాటి సందులోకి తిరిగితే వాళ్ళ గుమ్మం. కుర్రవాడు పని నుంచి ఇంకా రాలేదు. వాడి మేనమామ ఉన్నాడు. డెబ్బై దాటిన మనిషి, ఆయనా ఔసలే. చాప వేసి, చాయ్ తెప్పించాడు. వచ్చిన పని సిగ్గుపడుతూ చెప్పాను. ఆయన నవ్వలేదు.

"నిప్పుల ఏస్తె బంగారం శుద్ధి అయితదని అందరూ అంటరు సారూ. ఒట్టి నిప్పుల ఏస్తె కరుగుతది, అంతే. అండ్ల వెండి ఉంటె అది గూడ కరుగుతది. కరిగినంక రెండూ ఇంకింత గట్టిగ కలుస్తయి," అన్నాడు.

"మరి శుద్ధి చేసేదేమిటి?"

"ఉప్పు, ఇటికెపొడి. మీద మూత. పక్కన కావలి ఉండే మనిషి."

వాళ్ళ తాతగారి పద్ధతి వివరించాడు. బంగారాన్ని పలచని రేకులుగా సాగగొట్టాలి. ఉప్పూ ఇటుకపొడీ కలిపి మూసలో ఒక పొర పరవాలి. దానిమీద రేకు, మళ్ళీ పొర, మళ్ళీ రేకు. మూత పెట్టి, మట్టి చుట్టి, పిడకల మధ్య ఉంచి గంటల తరబడి కాల్చాలి. ఎర్రగా కాగాలి గాని కరగకూడదు. మంట మితిమీరితే రేకు ముద్దవుతుంది, చల్లారితే పని జరగదు. అందుకే పక్కన మనిషి ఉండి తీరాలి.

రసాయనశాస్త్రం చెప్పే మిత్రుడొకరు దీనికి లెక్క కట్టి చూపించారు. వెండి 962 డిగ్రీల దగ్గర కరుగుతుంది, బంగారం 1064 దగ్గర. అంతకు చాలా తక్కువ వేడిలోనే, ఉప్పులో ఉన్న క్లోరిన్ బయటపడి వెండిని పట్టుకుంటుంది. అది సిల్వర్ క్లోరైడ్ అవుతుంది. ఇటుకపొడి దాన్ని పీల్చుకుంటుంది. బంగారం జోలికి అది పోదు. పది తులాల ముద్దలో ఒక తులం వెండి ఉంటే, బయటికి వచ్చేది తొమ్మిది తులాలే. కుర్రవాడు అన్న మాట అక్షరాలా నిజం.

ఈ విద్య మనకు ఒక్కరికే తెలిసింది కాదు. ఇప్పటి తుర్కియేలో సార్డిస్ అనే పాత నగరం ఉంది. అక్కడి తవ్వకాల్లో, క్రీస్తుకు పూర్వం ఆరో శతాబ్దంలో ఉప్పుతో బంగారం శుద్ధి చేసిన కొలుములు బయటపడ్డాయి. క్రోసస్ రాజు నాణేల బంగారం అటువంటి పుటాల్లోంచి వచ్చిందే.

"ఇప్పుడు పుటం ఎవరు పెడుతున్రు సారూ? అంత తేజాబు పనే," అన్నాడు పెద్దాయన. తేజాబు అంటే నైట్రిక్ ఆమ్లం. అది వెండిని కరిగించి బంగారాన్ని విడిచిపెడుతుంది. పని త్వరగా అవుతుంది. పని మారింది గనుక మాటా జారిపోయింది. దుకాణాల్లో '916' అనే అంకె అందరికీ తెలుసు. అంటే వెయ్యిలో 916 వంతుల బంగారం, మన 22 క్యారట్లు. 'పదహారు వన్నె' అంటే ఆ కుర్రవాడి ఈడు పిల్లలు వన్నెచీర అనుకుంటారు!

చచ్చిన లోహం

అయితే ఇదే క్రియ వైద్యుడి చేతిలో పడితే కథ పూర్తిగా అడ్డం తిరుగుతుంది. ఔసలి పుటంలో బంగారం మిగులుతుంది, కూడా ఉన్నది పోతుంది. వైద్యుడి పుటంలో లోహమే పోతుంది. ఇనుమో, అభ్రకమో శుద్ధి చేసి, ఆకు పసర్లతో నూరి, బిళ్ళలు కట్టి పుటం వేస్తారు. తీసి నూరి మళ్ళీ వేస్తారు. నూరుసార్లు వేసింది శతపుటి, వేయిసార్లు వేసింది సహస్రపుటి. దీనికి సంస్కృతంలో పేరు మారణం, అంటే చంపడం.

లోహం చచ్చిందో లేదో తెలుసుకోవడానికి గుర్తులున్నాయి. చిటికెడు భస్మం నీళ్ళమీద వేస్తే తేలాలి. వేళ్ళమధ్య రుద్దితే చర్మపు గీతల్లో ఇంకిపోవాలి. తిరిగి ఎంత కాల్చినా లోహంగా మారకూడదు. ఆఖరి గుర్తుకు 'అపునర్భవం' అని పేరు, అంటే మళ్ళీ పుట్టకపోవడం. (భస్మాలు ఎవరో చెప్పారని కొనుక్కుని మింగేవి కావు. సరిగా తయారుకానివాటిలో సీసం, పాదరసం వంటివి ఉండి ప్రాణం మీదికి తెస్తాయి.)

చార్మినారు పక్కనే నిజామియా యునాని ఆస్పత్రి ఉంది. ఏడవ నిజాం మీర్ ఉస్మాన్ అలీఖాన్ కాలం నాటి భవనం. యునాని వైద్యంలో ఇటువంటి భస్మాన్ని 'కుష్తా' అంటారు. ఫార్సీలో ఆ మాటకు అర్థం 'చంపబడినది'. సంస్కృతం, ఫార్సీ రెండూ ఆ మూతపెట్టిన కుండలో చావునే చూశాయి. లాటిన్ వాళ్ళు అందులో సున్నాన్ని చూశారు. 'కాల్క్స్' అంటే సున్నం. ఇంగ్లీషులో కాల్సినేషన్ అనే మాట అందులోంచే వచ్చింది. 1808లో హంఫ్రీ డేవీ వేరుచేసిన కాల్షియానికీ ఆ పేరే దక్కింది. అరబ్బులు కూడా సున్నం అనే అర్థమున్న 'కిల్స్' నుంచి 'తక్లీస్' చేసుకున్నారు. మనం చావునూ, సున్నాన్నీ పక్కన పెట్టి, మూతను చూసి పేరు పెట్టుకున్నాం.

సున్నం మాట వచ్చింది గనుక ఒక్క సంగతి. వంద శేర్ల స్వచ్ఛమైన సున్నపురాయి కాలిస్తే 56 శేర్ల సున్నం మిగులుతుంది. మిగతా 44 శేర్లూ బొగ్గుపులుసు గాలిగా ఎగిరిపోతాయి. ఆ సున్నం తడిపి గచ్చు చేసి గోడకు పూస్తే, పోగొట్టుకున్న ఆ గాలినే ఏళ్ళ తరబడి మళ్ళీ పీల్చుకుని రాయిగా మారుతుంది. చార్మినారు గచ్చుపని ఇన్నేళ్ళుగా నిలిచింది అలాగే. కాలినది మళ్ళీ తనంతట తాను గట్టిపడగలదు, అయితే అందుకు గాలీ కావాలి, కాలమూ కావాలి.

ఎక్కడ వాడాలి, ఎక్కడ వాడకూడదు?

ఇక నా వృత్తిధర్మంగా రెండు మాటలు. కత్తిని పుటం పెట్టరు, సానపెడతారు. ఇత్తడి గిన్నెకు పుటం వేయరు, కళాయి వేస్తారు. అన్నిటికంటే ముఖ్యం, ఒరపెట్టడమూ పుటం పెట్టడమూ ఒకటి కాదు. గీటురాయి మీద గీసి వన్నె చూడటం ఒరపెట్టడం. దానివల్ల బంగారం ఎంత మంచిదో తెలుస్తుంది గాని, రవ్వంత కూడా బాగుపడదు. పుటం పెడితేనే బాగుపడుతుంది.

తల్లిదండ్రులు ఈ తేడా గుర్తుపెట్టుకుంటే మంచిది. పరీక్ష ఒరపెట్టడం, చదువు చెప్పడం పుటం పెట్టడం. వారానికి మూడుసార్లు ఒరపెట్టి, పిల్లవాడి వన్నె పెరగలేదేమని కోప్పడే ఇళ్ళు నేను చాలా చూశాను. రాయి మీద గీసినకొద్దీ అరిగేది బంగారమే.

'కష్టాలు మనిషిని పుటం పెడతాయి' అన్న వాక్యంలో వ్యాకరణ దోషమేమీ లేదు. దోషం లోకజ్ఞానంలో ఉంది. కష్టం ఒట్టి నిప్పు. దాని పక్కన ఉప్పూ ఇటుకపొడీ లేకపోతే, కావలి ఉండే మనిషి లేకపోతే, బంగారమైనా ముద్దై ఊరుకుంటుంది. పుటం వేయడానికి ఒక కర్త కావాలి. ఆ రోజు మా గదిలో నేను ఆ కర్తను ఎగరగొట్టి, క్రియను మాత్రం కుర్రవాడి చేతిలో పెట్టి పంపించాను.

పెద్దాయన దగ్గర సెలవు తీసుకుంటూ ఉండగా కుర్రవాడు వచ్చాడు. నన్ను చూసి బెదిరిపోయాడు. "పాఠం నేర్చుకోవడానికి వచ్చానయ్యా," అన్నాను. తరువాత జరిగింది చెప్పుకోదగ్గంత పెద్దదేమీ కాదు. మా అధ్యాపకులు నలుగురం కలిసి ఫీజు కట్టాం. తోటి పిల్లలు నోట్సు రాసిచ్చారు. దుకాణం యజమాని పరీక్షల రోజులకు సెలవిచ్చాడు. మేనమామ రాత్రిళ్ళు వాడు చదువుకుంటుంటే తానూ మేలుకుని కూర్చునేవాడట. వాడికి ఒక సంవత్సరం పోయింది. కిందటేడు బి.ఏ. పూర్తయింది.

ఫలితాలు వచ్చిన రోజు మిఠాయి పొట్లం పట్టుకుని మా గదికి వచ్చాడు. అలవాటు చొప్పున ఏదో నిండైన మాట నాలుక చివరకు వచ్చింది. అంతలో వాడి ముఖంలోకి చూశాను. ఈ పొట్లం ముందుగా ఎవరి చేతిలో పెట్టాలనుకున్నాడో నాకు తెలుసు. ఆ తూకం తగ్గింది తగ్గిందే. మాట మింగేసి, మిఠాయి తీసుకున్నాను.

ఇప్పుడు పిల్లలెవరైనా కష్టం చెప్పుకోవడానికి వస్తే, "భోజనం చేశావా? ఫీజు కట్టావా? ఇంట్లో ఎవరున్నారు?" అని ముందు అడుగుతున్నాను. అవి తేలాక టైము మిగిలితే, అప్పుడు చూసుకోవచ్చు అలంకారాల సంగతి.