ముప్పు లేదనుకున్న రేవులోనే...

నిఘా వైఫల్యం అనగానే చాలామందికి ముంబయి, పుల్వామా గుర్తొస్తాయి. నాకు మాత్రం అండమాన్‌లోని హోప్‌టౌన్ రేవు గుర్తొస్తుంది. 1872 ఫిబ్రవరి 8న, చీకటి పడ్డాక, వైస్రాయ్ లార్డ్ మేయోను షేర్ అలీ అఫ్రిదీ అనే ఖైదీ కత్తితో పొడిచి చంపింది అక్కడే.

హెచ్చరిక లేకపోలేదు. అంతకు అయిదు నెలల ముందే కలకత్తా టౌన్‌హాల్ మెట్ల మీద తాత్కాలిక ప్రధాన న్యాయమూర్తి నార్మన్ కత్తిపోట్లకు గురై మరణించారు. పోర్ట్‌బ్లెయిర్ అధికారులూ ఏమరుపాటుగా లేరు. కరడుగట్టిన ఖైదీలుండే వైపర్ దీవిలో కాపలా పెంచారు. హోప్‌టౌన్‌లో ఉన్నది ఎక్కువగా సత్ప్రవర్తన ఖైదీలు. అక్కడ ముప్పు తక్కువని వారి లెక్క.

షేర్ అలీ ఆ లెక్కలో చక్కగా ఇమిడిపోయాడు. ఒకప్పుడు పంజాబ్ మౌంటెడ్ పోలీసులో పనిచేసినవాడు. పెషావర్‌లో వంశ కక్షతో బంధువును చంపిన కేసులో ఉరిశిక్ష పడి, ద్వీపాంతరవాసంగా మారింది. ఇక్కడ నడవడిక బాగుందని క్షౌరవృత్తికి అనుమతిచ్చారు. ఇదంతా కాగితాల మీద ఉన్నదే. అయితే పాత నేరంకన్నా కొత్త యోగ్యతాపత్రానికే విలువ దక్కింది.

ఆ సాయంత్రం పొద్దు ఇంకా ఉందని, మౌంట్ హారియట్ ఎక్కుదామన్నారు మేయో. షేర్ అలీ చెట్ల చాటున కొండ పైదాకా వెంబడించాడు, వెంటే దిగాడు. పడవ ఎక్కబోతుండగా దూకాడు. కాగడాలు, అంగరక్షకులు ఉన్నా లాభం లేకపోయింది. వెనక కుట్ర ఉందని విచారణలో తేలలేదు. కుట్రే లేనిచోట వేగులకు దొరికేదేముంటుంది? అందుకే దీన్ని సమాచార లోపం అనడం నాకు సమ్మతం కాదు. ఉన్న సమాచారాన్ని తూకం వేయడంలో జరిగిన పొరపాటు ఇది.

2008లో ముంబయి తాజ్ హోటల్‌కూ ముందస్తు హెచ్చరిక అందింది. ముందు ద్వారం దగ్గర భద్రత పెంచారు. ముష్కరులు వెనక నుంచి వచ్చారని రతన్ టాటాయే చెప్పారు.

అండమాన్‌లో 2001 నుంచి త్రివిధ దళాల ఉమ్మడి కమాండ్ ఉంది. మలక్కా జలసంధి వైపు యుద్ధనౌకల కదలికలపై దాని కన్ను. 2024 నవంబరులో బారెన్ దీవి దగ్గర తీరరక్షక దళానికి దొరికింది మాత్రం మయన్మార్ చేపల పడవ. అందులో సుమారు ఆరు టన్నుల మెథాంఫెటమిన్! గస్తీ విమానం కంటపడబట్టి ఆ పడవ చిక్కింది. ఈ ద్వీపసమూహంలో మనుషులుండే దీవులు నలభై లోపే. మిగతా వందల దీవులను మన లెక్కల్లో ఏ వరుసలో రాసుకున్నామో!