రాకెట్ లేస్తే కిటికీలు ఎందుకు వణుకుతాయి? పేలుడు తరంగం గోడనీ కొండనీ ఏం చేస్తుంది?

పోయిన ఎపిసోడ్ కింద సూళ్లూరుపేట నుంచి ఒకరు అడిగారు: "అన్నా, రాకెట్ లేచినప్పుడు మా ఇంటి కిటికీలు దడదడలాడతాయి. అది కూడా ఒక రకం పేలుడేనా? ఇల్లు బీటలిస్తుందా?" ఈ ప్రశ్న నాకు బాగా దగ్గరిది. మాది తడ. మొన్నటిదాకా నెల్లూరు జిల్లా, 2022 నుంచి తిరుపతి జిల్లా. మా మేడ మీద నుంచి చూస్తే పులికాట్ అవతల శ్రీహరికోట. లాంచ్ ప్యాడ్ మాకు పాతిక కిలోమీటర్ల పైనే ఉంటుంది. కాబట్టి నిప్పు ముందు కనబడుతుంది, శబ్దం రావడానికి నిమిషం పైనే పడుతుంది. రాకెట్ మబ్బుల్లోకి పోయాక అప్పుడొస్తుంది గుడగుడమని. చిన్నప్పుడు ఆ గ్యాప్‌లో ఒకటి, రెండు, మూడు అని లెక్కపెట్టేవాళ్లం.

ముందు ఆ ప్రశ్నకి సమాధానం చెప్పేస్తాను. అది పేలుడు కాదు. రాకెట్‌లో ఇంధనం మండుతుంది. ఘన ఇంధనమైతే మంట దాని ఉపరితలం మీద సెకనుకి కొన్ని మిల్లీమీటర్ల చొప్పున లోపలికి తింటూ పోతుంది. అదే టీఎన్‌టీలాంటి పదార్థంలో ఆ చర్య సెకనుకి దాదాపు ఏడు కిలోమీటర్ల వేగంతో పరిగెడుతుంది. గ్యాస్ పక్కకి తప్పుకునే టైమే ఉండదు. చుట్టూ ఉన్న గాలి ఒక్కసారిగా నొక్కుకుపోయి, గోడలాగా నిలబడి, శబ్దం కంటే వేగంగా ముందుకొస్తుంది. దాన్నే షాక్ వేవ్ అంటారు. రాకెట్ నుంచి మనకి వచ్చేది ఒట్టి మోత. పాతిక కిలోమీటర్ల దూరంలో దానికి కిటికీ వణుకుతుందే గానీ గోడకి ఏమీ కాదు. మండడం అంటే ప్రమాదం లేదని కాదు. 2004 ఫిబ్రవరిలో శ్రీహరికోట ఘన ఇంధన ప్లాంటులో జరిగిన ప్రమాదంలో ఆరుగురు చనిపోయారు.

ఇప్పుడు అసలు కథ. 2020 ఆగస్టు 4న బేరూత్ రేవులో 2,750 టన్నుల అమ్మోనియం నైట్రేట్ ఉన్న గోడౌన్ పేలింది. ఆ వీడియోలు మీరందరూ చూసే ఉంటారు. రెండు మూడు రోజులకే ఇంకో వార్త వచ్చింది. చెన్నై పక్కన మణలిలో, 2015లో కస్టమ్స్ పట్టుకున్న సరుకు, దాదాపు 700 టన్నుల అమ్మోనియం నైట్రేట్, 37 కంటైనర్లలో అలాగే ఉందని. అప్పుడు నేను సాఫ్ట్‌వేర్ ఉద్యోగంలో ఉన్నాను, వర్క్ ఫ్రమ్ హోమ్ కదా, తడలోనే ఉన్నాను. అమ్మ టీవీ ముందు నుంచి లేచి వచ్చి, "ఏం నాయనా, మణలి మనకెంత దూరం?" అంది. యాభై కిలోమీటర్లుంటుందమ్మా అన్నాను. "మరి పిన్ని వాళ్లకో?" అంది. పిన్ని వాళ్ల ఇల్లు అక్కడికి ఓ నాలుగు కిలోమీటర్లు.

నేను వెంటనే ఏమన్నానంటే, "బేరూత్‌లో పావు వంతే ఉందమ్మా ఇక్కడ, కాబట్టి పావు వంతు దూరమే పోతుంది, ఏం కాదు." బీటెక్ చదివినోడిని కదా, ధైర్యంగా చెప్పేశాను. రాత్రి లాప్‌టాప్ ముందు కూర్చుని చూస్తే అది తప్పు.

ఎందుకంటే పేలుడు ఒక గీతలో పోదు, అన్ని వైపులకీ ఉబ్బుతుంది. శక్తి నిండేది ఘనపరిమాణంలో. అందుకే దూరం లెక్క ఘనమూలంతో నడుస్తుంది. మందు ఎనిమిది రెట్లు చేస్తే, అదే నష్టం జరిగే దూరం రెండు రెట్లే అవుతుంది. వినడానికి ఇది మంచి వార్తలాగా ఉంటుంది. తిరగేసి చూడండి. మందు నాలుగో వంతుకి తగ్గించినా దూరం నాలుగో వంతుకి తగ్గదు. 2,750ని 700తో భాగిస్తే 3.93, దాని ఘనమూలం 1.58. బేరూత్‌లో పది కిలోమీటర్ల దాకా అద్దాలు పగిలాయి. మణలి సరుకు అదే తీరుగా పేలి ఉంటే ఆ పది కాస్తా ఆరు కిలోమీటర్ల పైచిలుకు అవుతుంది. పిన్ని ఇల్లు లోపలే ఉంది. మనకేమో మోత వినబడేది, అంతే. బేరూత్ మోత రెండొందల కిలోమీటర్ల అవతల సైప్రస్‌లో వినబడింది.

పొద్దున్నే అమ్మకి నా లెక్క తప్పని చెప్పాను. అమ్మ అప్పటికే పిన్నికి ఫోన్ చేసేసింది, మంచం కిటికీ దగ్గర్నుంచి జరపమని. అమ్మ చెప్పినదే సరైన జాగ్రత్త, ఎందుకో చూద్దాం.

మన వైపు వాళ్లకి గాలి అంటే తుపాను. గంటకి 200 కిలోమీటర్ల తుపాను గాలి చదరపు మీటరు మీద వేసే ఒత్తిడి సుమారు 190 కేజీల బరువంత. పేలుడులో ఇళ్లు బాగా దెబ్బతినే చోట ఈ ఒత్తిడి 700 కేజీలు. రెండు చదరపు మీటర్ల తలుపు మీద 1,400 కేజీలు పడినట్టు. ఇంకో రెండు మూడింతలైతే పిల్లర్లు లేని ఇటుక గోడలు పడిపోతాయి. పలచటి అద్దానికి అంత అక్కర్లేదు, వంద కేజీల దగ్గరే పగలడం మొదలెడుతుంది.

తుపాను గంటల తరబడి తోస్తుంది. పేలుడు తోసేది మిల్లీసెకన్లు. రెండంతస్తుల ఇల్లు ఒకసారి అటూ ఇటూ ఊగడానికి సెకనులో నాలుగో వంతు పట్టిందనుకోండి, చిన్న పేలుడైతే ఇల్లు కదలాలని అనుకునేలోపే తోపు అయిపోతుంది. అద్దం పలచన, తేలిక, అది వెంటనే స్పందిస్తుంది. అందుకే పిల్లర్లు నిలబడి ఉంటాయి, అద్దాలు ఒక్కటీ ఉండవు. కానీ వందల టన్నులైతే తోపు కూడా ఎక్కువసేపు ఉంటుంది, అప్పుడు పిల్లర్ల మీదా పడుతుంది. పైగా ఎదురుగా ఉన్న గోడకి తగిలి తరంగం వెనక్కి తిరిగేటప్పుడు ఒత్తిడి కనీసం రెట్టింపవుతుంది, బాగా దగ్గరైతే ఎనిమిది రెట్ల దాకా కూడా. తోపు వెనకాలే కాస్త లాగుడు కూడా వస్తుంది, అందుకే కొన్ని అద్దాలు వీధిలోకి పడతాయి.

2013 ఫిబ్రవరి 15న రష్యాలో చెల్యాబిన్స్క్ మీద ఉల్క పేలింది. సుమారు 1,500 మందికి గాయాలు, ఎక్కువ శాతం అద్దాల వల్లే. వెలుగు కనబడిన రెండు నిమిషాలకి తరంగం వచ్చింది. ఆ రెండు నిమిషాలూ జనం కిటికీల దగ్గర నిలబడి ఆకాశం చూస్తున్నారు. మనం రాకెట్‌కి చేసేదీ అదే కదా. నాలుగు కిలోమీటర్ల దూరమైతే మెరుపుకీ దెబ్బకీ మధ్య దాదాపు పదకొండు సెకన్లు. కిటికీ వదిలి లోపలి గదిలోకి పోవడానికి అది చాలా టైము.

ఇక రాయి. క్యారమ్స్ కాయిన్లు ఒకదానికొకటి ఆనించి వరసగా పెట్టి, ఈ చివర స్ట్రైకర్‌తో కొట్టండి. మధ్యవి కదలవు, ఆ చివరిది ఎగిరిపోతుంది. క్వారీలో అదే జరుగుతుంది. గ్రానైట్‌ని నొక్కి పగలగొట్టడం కష్టం, లాగి పగలగొట్టడం సులువు. నొక్కుడుకి అది తట్టుకునే దాంట్లో పదో వంతు లాగుడు చాలు. బోరు గుంతలో మందు పేలితే నొక్కుడు తరంగం బయల్దేరి, కొండ చివర గాలి తగిలే ముఖం దగ్గర లాగుడుగా మారి వెనక్కి తిరుగుతుంది. అక్కడి నుంచి రాయి పలకలుగా ఊడుతుంది. పేలుడు బయట జరిగితే గోడ లోపలి వైపు పెచ్చులూడేది కూడా ఇందుకే. పిన్నికి ఇది చెప్తే మంచం గోడకి కూడా ఆనించద్దంటావా అని తిట్టింది. ఈ పగుళ్లు రాయి లోపల కూడా పడతాయి కాబట్టే చీమకుర్తి గ్రానైట్‌ని దిమ్మెలుగా తీయడానికి వజ్రాల వైరు రంపం వాడతారు.

క్వారీ పక్క ఊళ్ల గొడవ ఎప్పుడూ ఒకటే. ఇళ్లు బీటలిచ్చాయని వీళ్లు, మా వల్ల కాదని వాళ్లు. గనుల భద్రతా శాఖ డీజీఎంఎస్ 1997లో లిమిట్లు పెట్టింది. మామూలు ఇళ్ల దగ్గర నేల కంపన వేగం, సెకనుకి 8 సార్ల లోపు ఊగితే 5 మిల్లీమీటర్లు, 25 దాకా 10, ఆపైన 15 దాటకూడదు. నెమ్మది ఊపుకే ఎక్కువ కట్టడి ఎందుకంటే ఇల్లు ఊగే వేగమూ దాదాపు అదే. ఉయ్యాలని సరైన టైములో తోస్తే చిన్న పిల్లాడైనా పెద్ద ఊపు తెస్తాడు. మన ఒంటికి మాత్రం ఒక మిల్లీమీటరు కూడా తెలిసిపోతుంది. కాబట్టి తెలిసిన ప్రతి అదురుకీ గోడ పగలదు. అలాగని మీ అనుమానం ఉత్తదని ఎవరైనా అంటే ఒప్పుకోకండి, మీటరు మా వాకిట్లో పెట్టి కొలవండి అని అడగండి. నా అనుభవంలో, ఆ మాట అడిగేదాకా కాగితం ఎవరూ తియ్యరు.

మణలి కంటైనర్లు ఆ ఆగస్టులోనే హైదరాబాద్ తరలించారు. పిన్ని మంచం మాత్రం ఇప్పటికీ లోపలి గోడ వైపే ఉంది.