కంటికి కానరాని ధూళి: దానిని కొలుచు సాధనములు

గ్రామమునకు సమీపమున కంకర క్రషరు ఉన్నచోట పంచాయతీ సమావేశములో దుమ్మును గురించిన చర్చ తప్పక వచ్చును. "నీళ్ళు చల్లుచున్నారు, దుమ్ము లేచుట లేదు" అని ఒకరందురు. "పైరు ఆకులమీద తెల్లగా పేరుకొనుచున్నది, ఇంకెక్కడి నీళ్ళు" అని మరియొకరందురు. ఇరువురును కంటితో చూచినదానినే ప్రమాణముగా గొని మాటలాడుచున్నారు. కాని ఊపిరితిత్తులను చెరచు ధూళి కంటికి కానవచ్చునది కాదు. కానవచ్చు దుమ్ము అణగినంత మాత్రమున కానరానిది అణగినట్లు కాదు. ఆ సంగతిని తేల్చి చెప్పగలవి సాధనములే. అవి ఏవి, ఎట్లు పనిచేయును, వాని అంకెలను ఎట్లు చదువవలెను అనునది పంచాయతీ సభ్యులు తెలిసికొనదగిన విషయము.

రేణువు కొలత

ఇంటికప్పు సందునుండి ఎండపొడ గదిలోనికి దిగినపుడు అందు మెరయుచు తేలియాడు నలుసులను మనమెల్లరము చూచియే యున్నాము. మన పూర్వులు దానికి త్రసరేణువని పేరు పెట్టి, తూనికలలో మొదటి ప్రమాణముగా స్మృతి గ్రంథములందు చెప్పిరి. ఎనిమిది త్రసరేణువులు ఒక లిక్ష యని వారి లెక్క. నేటి శాస్త్రజ్ఞులు ఇట్టి వానిని మైక్రానులలో కొలుచుచున్నారు. మిల్లీమీటరులో వెయ్యవ వంతు ఒక మైక్రాను. తలవెండ్రుక మందము సుమారు 70 మైక్రానులు. 50 మైక్రానులకు తక్కువైన రేణువును విడిగా గుర్తించుట మామూలు కంటికి కష్టము. ఎండపొడలో అంతకంటె చిన్నవి మెరసినను, మనకు కనబడునది వాని ఆకారము కాదు. వానిమీద బడి చెదరిన వెలుగు మాత్రమే.

రేణువు ఎంత పెద్దదో తెలిసినచో అది శరీరములో ఎచ్చటికి చేరునో చెప్పవచ్చును. 10 మైక్రానులకు మించినవి చాలవరకు ముక్కులోను గొంతులోను చిక్కుకొని, తుమ్ముతోను ఉమ్ముతోను వెలుపలికి వచ్చును. అంతకంటె చిన్నవి గాలిగొట్టములలోనికి దిగును. అచ్చటి జిగురుపొర వానిని పట్టి మెల్లగా పైకి నెట్టును. సుమారు 5 మైక్రానులకు లోబడినవి మాత్రము ఊపిరితిత్తుల చివరనున్న గాలితిత్తులవరకు పోగలవు. అచ్చట వానిని పైకి నెట్టు జిగురుపొర లేదు.

ఆ చిన్న రేణువులు గాలిలో నిలుచు కాలమును గూడ గమనింపవలెను. గాలి కదలని గదిలో మీటరున్నర ఎత్తునుండి 100 మైక్రానుల రాతి రేణువు మూడు నాలుగు సెకండ్లలో నేలకు చేరును. 5 మైక్రానుల రేణువునకు సుమారు పండ్రెండు నిమిషములు పట్టును. 1 మైక్రాను రేణువునకు నాలుగు గంటలకు పైగా పట్టును. ఇక గాలి వీచు ఆరుబయట అది ఎంత దూరము పోవునో ఊహింపవచ్చును. మర ఆగినది, దుమ్ము అణగినది అని మనము తలచు వేళకు మిక్కిలి హానికరమైన భాగము ఇంకను గాలిలోనే యుండును.

రాతిధూళి తెచ్చు వ్యాధి

పలుగురాయిలోను, గ్రానైటులోను, ఇసుకరాతిలోను సిలికా యను పదార్థము కలదు. దాని మెత్తని ధూళి ఏండ్లతరబడి గాలితిత్తులలో చేరుటచే అచ్చట గాయపు మచ్చలవంటి గట్టి పొరలు ఏర్పడి, ఊపిరి ఆడుట తగ్గిపోవును. ఇదియే సిలికోసిస్. దీనిని నయము చేయు మందు లేదు. పని మానిన పిదప గూడ ఇది ముదురవచ్చును. ఈ వ్యాధి గలవారికి క్షయ సోకు అవకాశము అధికము. దగ్గు, ఆయాసము రెండింటను ఉండుటచే దీనిని వట్టి క్షయగా భ్రమించుటయు కలదు.

మన దేశమున ఈ వ్యాధి మొదట 1934లో కోలారు బంగారు గనులలో నమోదైనది. చిత్తూరు సరిహద్దునకు దగ్గరగానున్న ఆ గనులలో తెలుగువారును పనిచేసిరి. ఆ గనులు 2001లో మూతబడినవి. మార్కాపురపు పలకలపై అక్షరములు దిద్దినవారు మనలో ఎందరో కలరు. పలకకు తోడైన బలపములను రాతినుండి కోయు పరిశ్రమ మధ్యప్రదేశ్‌లోని మందసౌర్‌లో కలదు. అచ్చటి కార్మికులను పరీక్షించి 1985లో ప్రకటించిన పరిశోధనలో, చూచినవారిలో సగము మందికి పైగా సిలికోసిస్ చిహ్నములు కనబడినవి. పిల్లల చేతిలోని బలపమంత చిన్న వస్తువు వెనుక ఇంతటి హాని యున్నది.

జల్లెడ, నీరు, తూర్పార

రేణువులను పరిమాణమునుబట్టి వేరుచేయు మొదటి సాధనము జల్లెడ. మన ఇంటి పిండిజల్లెడ వలెనే ప్రయోగశాలలలోను జల్లెడలను ఒకదానిపై నొకటి పేర్చి కదలింతురు. పైదాని కన్నములు పెద్దవి, క్రిందివి క్రమముగా చిన్నవి. మట్టి పరీక్షలలో వాడు మెత్తని జల్లెడ కన్నము 75 మైక్రానులు. అంతకంటె మిక్కిలి చిన్న రేణువులను జల్లెడతో వేరుచేయుట కష్టము. అవి ఒకదానికొకటి అంటుకొని కన్నములను మూయును.

జల్లెడకు అందని వానిని నీటితో కొలుతురు. చెరువుమట్టిని ఒక గాజుపాత్రలోని నీటిలో బాగుగా కలిపి కదల్పక యుంచినచో ఇసుక వెంటనే అడుగునకు చేరును, ఒండు తరువాత దిగును, బంకమట్టి మాత్రము గంటలకొలది నీటిని మురికిగానే యుంచును. రేణువు దిగు వేగమునకు గల సూత్రమును 1851లో స్టోక్స్ అను శాస్త్రజ్ఞుడు తెలిపెను. వ్యాసము సగమైనచో వేగము నాలుగవ వంతగును; పదవ వంతైనచో నూరవ వంతగును. 20 డిగ్రీల వేడిమిగల నీటిలో 20 మైక్రానుల రేణువు పది సెంటీమీటర్లు దిగుటకు ఐదు నిమిషములలోపు చాలును. 2 మైక్రానుల దానికి సుమారు ఎనిమిది గంటలు పట్టును. మన పెద్దలు చిల్లగింజను అరగదీసి మురికినీటిలో కలిపినది ఇందులకే. దాని గంధము సన్నని రేణువులను గుంపుగా చేర్చును. పెద్దదైన గుంపు త్వరగా దిగును. 1927లో బూయుకోస్ అను శాస్త్రజ్ఞుడు ఈ సూత్రముతోనే, మట్టి కలిసిన నీటిలో తేలు గాజుగొట్టమును వాడి, మట్టిలోని బంక పాలు కనుగొను పద్ధతిని ప్రకటించెను.

గాలిలోని ధూళికి మూడవ మార్గమును అవలంబింతురు. కళ్ళములో తూర్పారబట్టునపుడు గింజ దగ్గర పడును, పొట్టు దూరముగా పోవును. ధూళిని పరిమాణమునుబట్టి వేరుచేయు సాధనములలో పెక్కింటికి ఇదియే మూలసూత్రము. 1916లో దక్షిణాఫ్రికా బంగారు గనులకొరకు కోట్జే అను ఇంజనీరు కోనిమీటరు అను సాధనమును నిర్మించెను. అది కొలతగల కొంచెము గాలిని పీల్చి, జిగురు పూసిన గాజుబిళ్ళమీదికి వేగముగా చిమ్మును. అంటుకొనిన రేణువులను సూక్ష్మదర్శినితో లెక్కింతురు. 1945లో ఇంగ్లండులో మే అను శాస్త్రజ్ఞుడు ఒక బిళ్ళకు బదులు పెక్కు బిళ్ళలను వరుసగా అమర్చెను. గాలి ఒకదానికంటె నొకటి సన్నని రంధ్రములగుండా పోవుచు వేగము పెంచుకొనును. పెద్ద రేణువులు మొదటి బిళ్ళపైనను, మిక్కిలి చిన్నవి చివరి బిళ్ళపైనను చిక్కుకొనును. ఇది గాలితో పనిచేయు జల్లెడల వరుస యనవచ్చును.

నేడు పనివాడు పీల్చు ధూళిని కొలుచుటకు సైక్లోను అను చిన్న పాత్రను అతని చొక్కా మెడపట్టికి తగిలింతురు. నడుమునకు కట్టిన పంపు గాలిని లాగును. పాత్రలో గాలి సుడి తిరుగుటచే పెద్ద రేణువులు గోడకు తగిలి క్రిందికి రాలును; గాలితిత్తులకు చేరగల సన్ననివి మాత్రమే గాలితో గూడ పోయి వడపోత కాగితముపై నిలుచును. పని ముగిసిన పిదప కాగితమును తూచి, ఎక్స్‌రే పద్ధతిచే అందు పలుగురాతి పాలు ఎంతయో కనుగొందురు. ఎంత పరిమాణముగల ధూళిని ఇట్లు వేరుచేయవలెనను విషయమున 1959లో జోహాన్నెస్‌బర్గు నగరమున జరిగిన అంతర్జాతీయ సభ ఒక ప్రమాణమును నిర్ణయించెను.

వెలుగుతో కొలుచుట

పలుచని మబ్బు అడ్డుపడినపుడు చంద్రుని ఆనుకొని ఒక రంగుల వలయము కనబడును. మబ్బులోని నీటిబిందువులు ఎంత చిన్నవైన ఆ వలయము అంత పెద్దదగును. ప్రయోగశాలలలోని లేజరు సాధనములు ఈ ధర్మమునే ఆశ్రయించినవి. పొడిపై లేజరు కాంతిని ప్రసరింపజేసినపుడు పెద్ద రేణువులు వెలుగును ఇరుకైన కోణములోను, చిన్నవి విశాలమైన కోణములోను చెదరగొట్టును. ఆ చెదరిన వెలుగును కొలిచి పొడిలో ఏ పరిమాణముగల రేణువులు ఏ పాలున ఉన్నవో కొద్ది నిమిషములలో చెప్పగలరు.

చేతిలో పట్టుకొనదగిన చిన్న ధూళిమాపకములు గూడ చెదరిన వెలుగుతోనే పనిచేయును. ఇవి అప్పటికప్పుడే అంకెను చూపును. ఏ వేళ, ఏ పక్క ధూళి హెచ్చుగానున్నదో తెలిసికొనుటకు ఇవి ఉపయుక్తములు. కాని మంచు కురియు ఉదయములందు తేమ వలన ఇవి ఉన్నదానికంటె ఎక్కువ చూపవచ్చును. కావున వడపోత కాగితపు తూనికతో సరిచూచిన పిదపనే వాని అంకెను నమ్మవలెను.

అంకెలను చదువు విధము

ఒకే రాతినుండి పుట్టిన 100 మైక్రానుల రేణువు ఒకటి, 1 మైక్రాను రేణువులు పది లక్షలతో సమానముగా తూగును. కావున ధూళి మొత్తమును తూచినచో పెద్ద రేణువుల బరువు చిన్నవానిని మరుగుపరచును. మొత్తము సగమునకు తగ్గినదని నివేదికలో ఉన్నను, తగ్గినది ముక్కులో ఆగు పెద్ద ధూళియే కావచ్చును. మన దేశపు గాలి ప్రమాణములే ఈ మార్పునకు నిదర్శనము. 1994 ప్రమాణములలో గాలిలో తేలు ధూళి మొత్తమునకు ఒక పరిమితి యుండెడిది. 2009లో దానిని తొలగించి, 10 మైక్రానులకు లోబడిన ధూళికి తోడు 2.5 మైక్రానులకు లోబడిన ధూళికిని పరిమితిని విధించిరి. వీనినే పి.ఎం.10, పి.ఎం.2.5 అందురు. 2009 ప్రమాణముల ప్రకారము ఘనమీటరు గాలిలో ఇరువదినాలుగు గంటల సగటున పి.ఎం.10 నూరు మైక్రోగ్రాములకును, పి.ఎం.2.5 అరువది మైక్రోగ్రాములకును మించరాదు. మైక్రోగ్రామనగా గ్రాములో పదిలక్షవ వంతు. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021లో ఇంకను తక్కువ పరిమితులను సూచించినది: పి.ఎం.10కు 45, పి.ఎం.2.5కు 15.

అయితే ఈ అంకెలు ధూళి పరిమాణమును, బరువును చెప్పునే గాని అందు సిలికా ఎంతయో చెప్పవు. పనిచోట కొలత వేరుగా జరుగవలెను.

పంచాయతీలు చేయదగినవి

క్రషరు, క్వారీ, పలుగురాతి పొడి మర ఉన్న గ్రామముల పంచాయతీలు కాలుష్య నియంత్రణ మండలిని ధూళి కొలత నివేదికలు అడుగవచ్చును. నివేదిక వచ్చినపుడు ఐదు ప్రశ్నలు వేయవలెను. ధూళి మొత్తమును కొలిచిరా, సన్నని భాగమును వేరుగా కొలిచిరా? సాధనమును గాలివాలున, ఇండ్లున్న వైపున ఉంచిరా? కొలుచునపుడు మర పూర్తిగా నడచుచుండెనా? ఎన్ని గంటలు కొలిచిరి? పనివారు పీల్చు గాలిలో సిలికా పాలు ఎంత? ఈ ఐదింటికి సమాధానము లేని నివేదిక సగము నివేదికయే.

ధూళి లేచిన పిదప నీళ్ళు చల్లుటకంటె, రాయి పగులుచోటనే, బెజ్జము వేయుచోటనే తడుపుట మేలు. ఒకసారి గాలిలోనికి లేచిన సన్నని రేణువును నీటిబిందువు పట్టుకొనుట కష్టము. మరలకును, కంకర మోయు పట్టీలకును మూతలు ఉండవలెను. పొడిచీపురుతో ఊడ్చుట మాన్పవలెను. ముక్కునకు కట్టు తువాలు పెద్ద దుమ్మును ఆపును గాని సన్ననిదానిని ఆపలేదు. దాని నూలుపోగుల నడుమ సందులు రేణువులకంటె ఎన్నోరెట్లు పెద్దవి. ఎన్95 అను ముసుగు 0.3 మైక్రాను రేణువులలోను నూటికి 95 వంతులు ఆపునట్లు పరీక్షింపబడినది. అదియు ముఖమునకు సందులేక అమరినపుడే. అయినను ముసుగు చివరి రక్షణయే గాని మొదటిది కాదు.

క్వారీలలో పనిచేసినవారికి, మానినవారికి గూడ ఛాతీ ఎక్స్‌రే తీయించుటకు ప్రాథమిక ఆరోగ్య కేంద్రముతో సంప్రదింపవలెను. దగ్గుతో వచ్చిన వానిని "ఏ పని చేసితివి, ఎన్నేండ్లు చేసితివి" అని అడుగునట్లు చూడవలెను. 1948 నాటి ఫ్యాక్టరీల చట్టమే సిలికోసిస్‌ను అధికారులకు తప్పక తెలుపవలసిన వ్యాధులలో చేర్చినది. ఎవరు ఎచ్చట ఎన్నేండ్లు పనిచేసిరో గ్రామమున ఒక పట్టిక యుంచినచో, తరువాత వ్యాధి బయటపడిన కుటుంబమునకు పరిహారము కోరుటలో అది ఆధారమగును.

కంకర లేక రోడ్లు లేవు, ఇండ్లు లేవు. క్రషరులో దొరకు కూలి అనేక కుటుంబములకు జీవనాధారము. కావున పని ఆగవలెనని ఎవరును కోరరు. పని సాగవలెను, పనివాని ఊపిరియు సాగవలెను. రెండును సాధ్యమగుటకు మొదటి మెట్టు కొలత. ధాన్యము అమ్మునప్పుడు తూనిక లేక ఏ రైతును ఒప్పుకొనడు. మనము పీల్చు గాలి విషయమునను అంతటి పట్టుదల యుండవలెను.