ఐరోపా ప్రయాణానికి ఏ పుస్తకం కొనాలి?

మన జోడ్‌భావి పేట్ పెద్దలకు ఒకప్పుడు దూరప్రయాణమంటే పండరిపురము, తిరుపతి, మహా అయితే కాశి. నేడు కొందరి పిల్లలు ఉద్యోగరీత్యా ఐరోపాలో కాపురముండి తల్లిదండ్రులను రమ్మంటున్నారు. అంతదూరం పోయినవారు మూడు నాలుగు రోజులు ఏదైనా ఒక నగరం చూచి రావాలనుకొనడం సహజమే. అక్కడ తోడు వచ్చేది గైడుపుస్తకం. అది సరియైనది కాకపోతే ఏళ్ళ తరబడి కూడబెట్టిన డబ్బు, మోకాళ్ళ ఓపిక రెండూ వృథా.

చేతిలో ఫోను ఉండగా పుస్తకమెందుకని కుర్రవాళ్ళు అడుగుతారు. ఫోను అడిగినదానికి జవాబు చెబుతుంది. ఏమి అడగాలో తెలియనివారికి పుస్తకమే దిక్కు.

మంచి యాత్రాపుస్తకం ఎట్లుండాలో తెలుగువారికి కొత్తగా నేర్పనక్కరలేదు. ఏనుగుల వీరాస్వామయ్యగారు 1830 మే నెలలో చెన్నపట్టణం నుండి బయలుదేరి, కాశి సేవించి, 1831 సెప్టెంబరులో తిరిగి వచ్చారు. 1838లో అచ్చయిన ఆయన కాశీయాత్రచరిత్రలో దేవాలయాల ముచ్చటే కాదు, మజిలీకీ మజిలీకీ దూరమెంత, నీటివసతి ఎట్టిది, అంగళ్ళున్నవా, దిగడానికి చోటున్నదా అన్న సంగతులూ ఉన్నవి. లండనులో జాన్ మర్రే కంపెనీవారు ఐరోపా యాత్రికులకు మొదటి చేతిపుస్తకం వెలువరించినది 1836లో! వీరాస్వామయ్యగారి ప్రశ్నలనే పట్టుకొని మనము పుస్తకాల అంగడికి పోవచ్చును.

మొదట అచ్చయిన సంవత్సరం చూడవలెను. పారిస్‌లోని నోత్రదామ్ చర్చి 2019 ఏప్రిల్‌లో కాలి, 2024 డిసెంబరులో తిరిగి తెరువబడినది. నడుమ అచ్చయిన పుస్తకం దానిని మూసియున్నదనే చెబుతుంది.

తరువాత సెలవుదినాలు, భోజనవేళలు. పారిస్‌లో లూవ్ర్ మ్యూజియం మంగళవారం మూసివేస్తారు. ఫ్రాన్సులో చాల హోటళ్ళు మధ్యాహ్నం పన్నెండు మొదలు రెండింటి వరకు వడ్డించి, మళ్ళీ రాత్రి ఏడుకు గాని వంట మొదలుపెట్టవు. మూడింటికి ఆకలైన మధుమేహరోగికి ఇది చిన్న సంగతి కాదు. ఇట్టివి చెప్పని పుస్తకంలో రంగు బొమ్మలెన్ని ఉన్నా ఏమి లాభం?

మూడవది అసలైన పరీక్ష. ఆ కంపెనీవారిదే ఇండియా పుస్తకం తీసి, మనము కళ్ళార చూచిన విజాపురం పుట చదవండి. గోల్ గుంబజ్‌లో ప్రతిధ్వని వినాలంటే పెందలాడే పోవాలి, పొద్దెక్కితే బడిపిల్లల కేకలలో ఏదీ తెలియదు. ఆ ముక్క వ్రాసినవారు ఆ ఊరు చూచినవారే. వారి ఐరోపా పుస్తకాన్నీ నమ్మవచ్చును.

నాలుగవది మన వృత్తికి సంబంధించినది. మన చద్దరు మీద పువ్వు తీసే జకార్డు, ఫ్రాన్సులోని లియోన్ నగరవాసి జోసెఫ్ మారీ జకార్డుగారి (1752–1834) పేరిటిదే. ఆ ఊరి క్రువారూస్ గుట్ట పట్టునేతవారి పేట. ఎత్తైన మగ్గాలు పట్టడానికి అక్కడి ఇళ్ళకు ఎత్తైన కప్పులు కట్టారు. కూలిరేట్లకై 1831లో ఆ నేతగాళ్ళు తిరుగబడ్డారు. 1834లో మళ్ళీ తిరుగుబాటు జరిగినది. లియోన్ అంటే విందుభోజనాలు మాత్రమే వర్ణించే పుస్తకం మనకు చాలదు. నేతవారి గుట్టను చూపి, దానిమీదికి మెట్రో రైలు పోతుందని కూడా చెప్పేది మనకు కావాలి.

మరాఠీ చదివే మనవారు మీనా ప్రభుగారి ‘మాఝం లండన్’ వంటివి ఇంటివద్దనే చదివి పోతే మేలు. అవి ఊరిమీద మక్కువ పుట్టిస్తవి. దారి చూపే పని గైడుపుస్తకానిది.

చివరగా పుస్తకాన్ని ఇంట్లో అందరికంటె నెమ్మదిగా నడిచేవారి చేతికియ్యండి. అక్షరాలు కనబడుతున్నవా, బరువు మోయగలరా చూడండి. ఇంగ్లీషు రాని అమ్మ ఉంటే, బస చిరునామా, కొడుకు ఫోను నంబరు, మందుల పేర్లు అట్టలోపల తెలుగులోనూ, అక్కడివారు చదవగల లిపిలోనూ పిల్లలచేత వ్రాయించండి. ఆ పుట ఏ కంపెనీవారూ అచ్చువేయలేరు.